కుక్కర్‌ను కౌగిలించుకున్న అల్లుడు

ఆ ఉదయం చలపతిరావు పథకం చాలా చిన్నది. హైదరాబాద్‌లో కూతురింట్లో కాఫీ తాగడం, తెల్లాపూర్‌లో రెండు ప్లాట్లు చూడడం, పొద్దుటూరు వెళ్లిపోవడం. కాఫీ కోసం వంటింట్లోకి తొంగిచూసేసరికి ప్లాటు ఇంట్లోనే కనిపించింది. అల్లుడు పార్థసారథి సెల్‌ఫోన్‌ను పప్పుడబ్బాకు ఆనించి, దాని ముందు కుక్కర్‌ను గుండెకు హత్తుకుని ఏడుస్తున్నాడు.

"నువ్వు లేకపోతే నాకెవరున్నారు, మీనూ?"

కుక్కర్‌కు మూతుంటుంది గానీ ముద్దుపేరుండదు. ఫోన్‌లో ఎవత్తో ఉంది! మామగారికి విజిల్ లేకుండానే ఆవిరొచ్చింది. అప్పటికే ఆఫీసుకెళ్లిపోయిన కూతురికి ఫోన్ కొట్టాడు.

"అమ్మీ, ఈ మీనూ సంగతి నీకు తెలుసునా?"

"తెలుసు నాన్నా. రెండేళ్లుగా దాంతోనే ఆయన కాపురం. మీటింగ్‌లో ఉన్నా, పెట్టేస్తున్నా."

కిందికి దిగి వాచ్‌మన్ యాదయ్యను పట్టుకున్నాడు.

"మీ అల్లుడు సారు లిఫ్టుల గూడ ఏడ్సుకుంటనే వోతడు సార్. నిన్నయితే మోకాళ్ల మీద కూసొని దండం వెట్టిండు. జర సూస్కోండ్రి."

ఇక చూసుకోవడమే. అల్లుడి బండి వెనకాలే ఆటోలో రాయదుర్గం చేరి, ఆఫీసు తలుపు తోసుకుని లోపలికి దూరాడు. లోపల డైరెక్టర్ అనూష అల్లుడికి తలంటుతోంది.

"తాత ఏడుస్తున్నట్టు లేదు పార్థా, ఉల్లిపాయలు తరుగుతున్నట్టుంది. ఇవాళ కుదరకపోతే ఈ సీన్ వేరేవాళ్లకిచ్చేస్తా."

"యాడుంది ఆ మీనూ?" అని గర్జించాడు చలపతిరావు.

అందరూ తెర వైపు చూపించారు. గుండ్రటి తల, రెండు పెద్ద కళ్లు. మరో మనిషి అనుకుంటే మరమనిషి!

"బొమ్మల సినిమాలో బొమ్మ కదిలించేముందు మేమే నటించి వీడియో తీసుకుని, అది చూసి గీస్తాం మామయ్యా," అన్నాడు పార్థసారథి తలొంచుకుని. "బొమ్మలేసేవాడికి పిల్లనిచ్చానని బాధపడతారని, సాఫ్ట్‌వేర్ అని చెప్పాం."

"నమ్మను. మొత్తం వెయ్యి, చూస్తా!"

అయినంతవరకూ వేశారు. తెర మీద ఒంటరి తాత, తనకు తోడుగా ఉన్న మీనూను ఇక ఆపేయడానికి మీట మీద వేలు పెట్టాడు. మీనూ ఆ వేలినే పట్టుకుంది. చలపతిరావు అనుమానంగా ముందుకు వంగాడు. ఇంకా వంగాడు. ఆ తర్వాత పక్కనున్న కుర్చీని వాటేసుకుని భోరుమన్నాడు.

"ఆపద్దురా సామీ! పసిబిడ్డ మాదిరుంది కదప్పా!"

"కెమెరా!" అని అరిచింది అనూష.

సాయంత్రానికి తాత ముఖంలోకి మామగారి ఏడుపు ఎక్కింది, సీన్ ఓకే అయింది, అల్లుడు ఊపిరి పీల్చుకున్నాడు. ఇంకో రెండు ఏడుపులకు కూడా రమ్మని అనూష బతిమాలింది. చలపతిరావు మీసం తుడుచుకుని భార్యకు ఫోన్ చేశాడు.

"అనసూయా, మీనూను ఇట్లా వదిలేసి రాలేనే. నాలుగు రోజులుంటా."

ఏ మీనూ అని కూడా అడగకుండా అనసూయమ్మ హైదరాబాద్ బస్సెక్కింది.