సముద్రానికో గైడుండాలి!

సముద్రాన్ని ఎవరికి వారు చూసేయడం ఎంత ప్రమాదమో మన జనానికి ఇంకా తెలిసిరాలేదు!

ఒడ్డుకు వెళ్తారు. చెప్పులు విప్పి చేత్తో పట్టుకుంటారు. అల వస్తే వెనక్కు ఉరుకుతారు, అల పోతే ముందుకు ఉరుకుతారు. దీన్ని చూడటం అంటారా? ఎటు చూడాలో చెప్పేవాడు లేడు. ఎక్కడ "అబ్బ!" అనాలో చెప్పేవాడు లేడు. కొందరైతే సాయంత్రం దాకా అలా చూస్తూనే ఉండిపోతారు. పాపం, లేవమని చెప్పే నాథుడు లేక!

అందుకే గైడు ఉండాలి. మెడలో విజిలు, చేతిలో మైకు, అట్టకు క్లిప్పు పెట్టి బిగించిన టైమ్‌టేబుల్. ఇవి లేని సముద్రం వట్టి ఉప్పునీళ్లు. నమ్మరా? అయితే ఒక మందుల షాపాయనకు జరిగింది వినండి.

ఆయనకు యాభై దాటాయి. ఇరవై రెండేళ్లుగా కౌంటరు వెనకే నిలబడి ఉన్నాడు. ఎదురుగా వచ్చిన ప్రతి మనిషీ ఏదో ఒకటి అడిగేవాడే. దగ్గుకు ఏముంది? ఇది తినకముందు వేసుకోవాలా, తిన్నాకా? ఈ స్ట్రిప్పులో సగం కత్తిరించి ఇస్తావా? నిద్రలో కూడా "తిన్నాకండీ, తిన్నాక" అని గొణుగుతాడని ఆయన భార్య చెబుతుంది. ఆయన కోరిక ఒక్కటే. ఎవరూ ఏమీ అడగని చోట, నీళ్లకేసి చూస్తూ, ఒక పూట కూర్చోవాలి.

ఇంతటి అమాయకుడిని అలా వదిలేస్తే ఏమయ్యేది? నిజంగానే వెళ్లి కూర్చునేవాడు! భార్య సమయానికి మేల్కొని టూరు బుక్ చేసింది. "ఒక్క రోజులో సముద్రం మొత్తం! బోటింగ్, కయాకింగ్, లోకల్ ఫుడ్, ఆనందం!" అని కాగితం మీద రంగుల అక్షరాల్లో ఉంది. ఆనందానికి పావుగంట కేటాయించారు, పదకొండూ ముప్పావు నుంచి.

"మూడు సీట్లు తీసుకున్నా. అమ్మ కూడా వస్తోంది," అంది భార్య, ఆయన ముఖంలోకి చూడకుండా.

మందుల షాపాయన చేతిలో కాఫీ గ్లాసు గాల్లోనే ఆగిపోయింది.

ఎందుకంటే ఆ అత్తగారికీ ఈ అల్లుడికీ తొమ్మిదేళ్లుగా మాటల్లేవు.

ఆవిడ ఆషామాషీ మనిషి కాదు. పెద్దాసుపత్రిలో ముప్పై ఏళ్లు వార్డు నడిపిన హెడ్ నర్సు. ఆవిడ అడుగుల చప్పుడు వినిపిస్తే డాక్టర్లు కూడా గుండీలు సర్దుకునేవారట. మామగారు పోయిన మూడో నెలలో ఆవిడ ఒకరోజు షాపుకొచ్చి నిద్రమాత్రలు అడిగింది. "చీటీ లేకుండా ఇవ్వనండీ. ఎవరికైనా ఇదే రూలు," అన్నాడు అల్లుడు, నలుగురు కస్టమర్ల ముందు. ఆవిడ కౌంటరు మీద పెట్టిన గొడుగు తీసుకుని వెళ్లిపోయింది. అంతే!

అప్పట్నుంచీ ఇద్దరి మధ్యా మాటలు మోసే పని భార్యది. "ఫ్యాను కాస్త తగ్గించమని మీ ఆయనతో చెప్పవే," అంటుంది ఆవిడ, ఆ ఫ్యాను కిందే కూర్చున్న అల్లుడి ముందు. "రెగ్యులేటరు పాడైందని మీ అమ్మగారితో చెప్పు," అంటాడు ఈయన. భార్య చేతులు తుడుచుకుంటూ వంటింట్లోంచి వచ్చి, ఇద్దరూ విన్న ముక్కనే ఇద్దరికీ మళ్లీ చెప్పి వెళ్తుంది. చూశారా, మధ్యలో ఒక గైడుంటే సంసారం ఎంత సాఫీగా సాగుతుందో!

ఆదివారం పొద్దున ఆరింటికి బస్సెక్కారు. గైడు తెల్ల టోపీతో ప్రత్యక్షమై, "గుడ్ మాణింగ్, హ్యాపీ పీపుల్!" అన్నాడు. ఎవరూ పలకలేదు. విజిలు ఊదాడు. అందరూ తక్షణం హ్యాపీ అయ్యారు.

బోటింగులో ఆ మహానుభావుడి సేవలు చూసి తీరాలి! నలభై మందిని పడవలో కూర్చోబెట్టి, "ఇప్పుడు రెండు నిమిషాలు అందరూ నిశ్శబ్దంగా సముద్ర ఘోష వింటారు!" అని ప్రకటించి, స్పీకర్లో సముద్ర ఘోష పెట్టాడు. ఎంత ముందుచూపు! సముద్రం పక్కనే ఉంటే మాత్రం, ఇంజను మోతలో ఎవరికి వినపడుతుంది? పైగా రికార్డింగులో మధ్యమధ్య పక్షులు కూడా కూశాయి. బయట సముద్రంలో ఆ రోజు ఒక్క పక్షీ డ్యూటీకి రాలేదు.

గాలి చల్లగా తగలగానే మందుల షాపాయన కళ్లు మూసుకున్నాడు. గైడు పట్టేశాడు.

"సార్! కళ్లు మూసుకునే ఐటెం లేదండీ! ఎడమవైపు చూడండి, అందం వచ్చేస్తోంది!"

అందరూ ఎడమకు తిరిగి ఫోన్లు పైకెత్తారు. ముందువాడి ఫోన్లో వెనకవాడికి కాస్త అందం కనపడింది. అంతలో అది దాటిపోయింది.

తర్వాత కయాకింగ్. ఇద్దరిద్దరు కూర్చుని తెడ్లు వేసుకుంటూ పోయే సన్నపాటి పడవలు. ఒడ్డున కాటా పెట్టి అందరినీ వరసగా తూచాడు గైడు. "సైన్సండీ! బరువులు కుదరకపోతే బోల్తా!" అంటూ కొత్తగా పెళ్లయిన జంటను రెండు ముక్కలు చేశాడు. పెళ్లికూతురిని ఒక రిటైర్డ్ జడ్జిగారికి జత చేశాడు. పెళ్లికొడుకును మందుల షాపాయన భార్యతో కూర్చోబెట్టి నీళ్లలోకి తోసేశాడు.

"ఇక సార్ మీరు, ఈ మేడమ్! పర్ఫెక్ట్ బ్యాలెన్స్!"

అత్తా అల్లుడూ కొయ్యబారిపోయారు.

"ఒసేయ్, మీ ఆయనతో..." అని ఆవిడా, "ఏమోయ్, మీ అమ్మగారితో..." అని ఈయనా ఒకేసారి మొదలెట్టారు. భార్య అప్పటికే యాభై గజాల దూరంలో పెళ్లికొడుకుతో గిరగిరా తిరుగుతోంది.

ముందు ఆవిడ, వెనక ఈయన. తెడ్లు వేశారు. "అటు వేస్తే బాగుండును," అంది ఆవిడ ఆకాశంతో. "వేస్తూనే ఉన్నాం," అన్నాడు ఈయన తన లైఫ్ జాకెట్‌తో. మధ్యవర్తి లేని ఆ పడవ మూడు చుట్లు తిరిగి, వచ్చిన దిక్కుకే ముక్కు పెట్టింది.

గైడు విజిలు ఊదాడు. ఒకటంటే కుడికి, రెండంటే ఎడమకు, మూడంటే వెనక్కు. అదే క్షణంలో పక్కనుంచి అల ఒకటి లేచింది.

"ఎడమ!" అరిచింది అత్తగారు.

తొమ్మిదేళ్ల తర్వాత తొలి మాట!

"ఎవరి ఎడమండీ?"

"నీ ఎడమే! మాత్రలిచ్చే చెయ్యి కాదు, రెండోది!"

పెళ్లయిన నాటి నుంచీ ఆవిడ అల్లుణ్ని మీరు అని తప్ప పిలిచి ఎరగదు. నువ్వు అనేసరికి ఆయనకు ఎక్కడలేని హుషారొచ్చింది. రెండో చెయ్యి పీకిపోయేలా తెడ్డు వేశాడు. పడవ అలెక్కి దిగింది. ఇద్దరూ నిలువునా తడిశారు.

"మూడు ఊదాడు. వెనక్కి పోదాం," అందావిడ.

"రెండేనండీ. మూడోది జడ్జిగారి పడవకు."

"నా చెవులకేం రోగం? మూడే!"

"రెండే అత్తయ్యగారూ! రోజూ లెక్కపెట్టి ఇచ్చే పని నాది!"

వీళ్ల వాదం వీళ్లదిగా ఉండగా నీటివాలు పడవను మెల్లగా లాక్కుపోయి, ఒక పెద్ద బండరాయి చుట్టూ తిప్పి, అవతల ఇసకతిన్నె మీద కూర్చోబెట్టింది. విజిలు సన్నబడింది. ఆగింది.

అక్కడ ఒకావిడ వల బాగు చేసుకుంటోంది. పక్కనే నిప్పుల మీద చేపలు కాలుతున్నాయి.

"ఎవరు తీసుకొచ్చారు మిమ్మల్ని?" అందా వలావిడ.

"ఎవరూ లేరమ్మా. తప్పిపోయాం," అన్నాడు మందుల షాపాయన.

"అయితే కూర్చోండి."

అదే ఆ చోటి టైమ్‌టేబుల్ మొత్తం!

చెరో చేప చేతిలో పెట్టింది. వేళ్లు కాలాయి, ఊదుకుంటూ తిన్నారు. ఇది ఎక్కడిది, ఎలా తినాలి, ఎప్పుడు "అబ్బ!" అనాలి, ఏమీ చెప్పలేదు. అయినా ఇద్దరూ ఎలాగో అన్నారు.

ముల్లు తీసుకుంటూ, తలెత్తకుండా, అల్లుడే మొదలుపెట్టాడు.

"ఆ రోజు రూలని కాదండీ నేను ఇవ్వంది."

"మరి?"

"భయం వేసింది. మామయ్యగారు పోయి మూణ్నెల్లు. మీరు చిక్కి సగమయ్యారు. సీసాడు మాత్రలు ఇంట్లో ఉంటే... నా చేత్తో ఇచ్చి..." ఆపేశాడు.

అత్తగారు ఆయనకేసి తిరిగింది.

"నాకు నిద్ర పట్టాలనే అడిగానయ్యా. ఇంకే ఉద్దేశమూ లేదు."

"నాకేం తెలుసండీ?"

"అడగాలిగా!"

"నలుగురి ముందు ఎలా అడగను?"

"నలుగురి ముందు లేదు పొమ్మనడానికి నోరొచ్చిందిగా! తొమ్మిదేళ్లు! అల్లుడికి నా మీద నమ్మకం లేదనుకుని... అంత భయపడినవాడివి, ఇంటికొచ్చి ఒక్క ముక్క చెప్పి చావొచ్చు కదా!" అని చేపముల్లు దూరంగా విసిరేసింది. వలావిడ ఉలిక్కిపడి చూసింది. "ఏం లేదమ్మా. మా అల్లుడు," అంది అత్తగారు. ఆ మాటలో అతిశయమే ఉంది.

ఆ తర్వాత లైఫ్ జాకెట్ తలకింద పెట్టుకుని, ఇసకలో అలాగే ఒరిగి, అయిదు నిమిషాల్లో గుర్రు పెట్టింది. చీటీ లేకుండా!

మందుల షాపాయన మోకాళ్లు చుట్టుకుని నీళ్లకేసి చూస్తూ కూర్చున్నాడు. ఎవరూ ఏమీ అడగలేదు. ఎంతసేపో లెక్క తెలీదు. చూశారా అన్యాయం? గైడు లేకపోవడం వల్లే కదా, ఆనందం పావుగంటలో పూర్తి కాకుండా అలా సాగుతూ పోయింది!

చివరికి మోటారు బోటు వేసుకుని గైడు వచ్చాడు, దూరం నుంచే విజిలు ఊదుకుంటూ. ముఖంలో నెత్తురుచుక్క లేదు. "క్షమించండి సార్, నా సర్వీసులో ఇలా ఎప్పుడూ జరగలేదు! మీకు లోకల్ ఫుడ్ మిస్సయిపోయింది!" అని వాపోయాడు. మిగిలినవాళ్లకు మిస్సు కాలేదు. పొద్దున బస్సులో వాళ్లతోపాటే పట్నం నుంచి వచ్చిన అట్టపెట్టెలు విప్పుకుని, పాతిక నిమిషాల్లో స్థానిక రుచిని ముగించారు.

తిరుగు బస్సులో అత్తా అల్లుడూ ఒకే సీట్లో కూర్చుని ఏదో గుసగుసలాడుతూ నవ్వుకుంటున్నారు. భార్య ముందు సీట్లోంచి మెడ తిప్పి చూసింది.

"ఏమండీ, అమ్మ ఏమంటోంది?"

"మీ అమ్మగారినే అడుగు."

"ఏంటమ్మా?"

"ఏం లేదులేవే. నువ్వు ముందుకు చూడు."

ఇప్పుడు చెప్పండి. గైడు లేకుంటే ఇంత జరిగేదా? తప్పిపోవాలంటే మనల్ని కాపలా కాసేవాడొకడు ఉండాలి కదా! ఊరికే ఒడ్డున కూర్చున్నవాడు ఎవరి నుంచి తప్పిపోతాడు? అందుకే ఆ గైడుకు సన్మానం చేయాలనే మా అభిప్రాయం.

ఆ మాటకొస్తే, సన్మానానికి అర్హత ఆయన ఆ బస్సులోనే మరోసారి నిరూపించుకున్నాడు. దిగేముందు అందరి అభిప్రాయాలూ రాసుకుంటూ అత్తగారి దగ్గరకు వచ్చాడు.

"మేడమ్, ఈ రోజు మీకు బాగా నచ్చిన స్పాట్ ఏది?"

"ఆ బండరాయి అవతల, ఇసకతిన్నె."

"ఎందుకు నచ్చింది మేడమ్?"

"నీ విజిలు వినపడలేదు నాయనా."

గైడు ముఖం చిన్నబోయింది. కలం జేబులో పెట్టుకుని, వినయంగా రెండు చేతులూ జోడించాడు.

"సారీ మేడమ్! వచ్చే ఆదివారం కల్లా అక్కడ కూడా స్పీకరు పెట్టించేస్తాం!"