రిజిస్టరమ్మగారి అడ్జస్ట్‌మెంటు

జనన నమోదు కార్యాలయం పైకప్పు కారడం లేదని ఇందుమూలంగా తెలియజేయడమైనది. ఒక చోట చిన్న చుక్క పడుతోంది, అంతే. ఆ చోటు సరిగ్గా రిజిస్టర్ల అలమార మీద కావడం చుక్క చేసుకున్న అదృష్టం.

పదకొండేళ్లుగా ఆ రిజిస్టర్లు రాస్తున్న ఆవిడని అందరూ రిజిస్టరమ్మ అంటారు. మొదటి వానకే అర్జీ పెట్టింది. అధికారిగారు దాని మీద ఒకే ఒక్క మాట రాశారు: అడ్జస్ట్. ఆహా, ఏం మాట! సిమెంటు అక్కర్లేదు, మేస్త్రీ అక్కర్లేదు. అలమార గోడకు బిగించి ఉంది గనుక రిజిస్టరమ్మ తన బల్లనే నాలుగడుగులు జరుపుకుంది. రెండో వానకు తలుపు దాకా, మూడో వానకు వరండాలోకి వచ్చింది. తను తడవడం లేదు కదా అని హాయిగా ఊపిరి పీల్చుకుంది. సమస్య పరిష్కరించబడినదని ఫైలు మూసి, అధికారిగారికి సన్మానం చేశారు.

“ఈ ఒక్క మాట మీదే దేశం నిలబడి ఉంది” అని ఆయన ఉపన్యసించారు. కుర్చీలు దొరకనివాళ్లు నిలబడే చప్పట్లు కొట్టారు.

ఆ మాట రుచి రిజిస్టరమ్మకూ తగిలింది. నాన్న పేరు తప్పు పడిందన్నవాడిని అడ్జస్ట్ అవ్వమంది. ఆడపిల్లని మగపిల్లాడని రాశారేమిటన్న తల్లికీ అదే చెప్పింది. పాపం, మంచివాళ్లు, దండం పెట్టి వెళ్లిపోయారు.

ఈ ఏడు ఆవిడ కూతుర్ని బడిలో వేయాల్సి వచ్చింది. జనన పత్రం లేనిదే చేర్చుకోమన్నారు, శనివారమే గడువు. సొంత ఆఫీసేగా అన్న ధీమాతో సెలవు పెట్టి, కిటికీ ముందు వరసలో నిలబడింది. లోపలి గుమాస్తా రిజిస్టరు తెచ్చాడు. పేజీలన్నీ ముద్దగా అంటుకుపోయి ఉన్నాయి. ఒక్కొక్కటీ ఒలిచి చూస్తే కూతురి పేరుండాల్సిన చోట నీలం మరక ఉంది.

ఆవిడ ఆ మరక మీద వేలు పెట్టింది. “నా కూతురు పుట్టిందయ్యా. నేనే కన్నాను, ఈ చేత్తో నేనే రాశాను.”

“కాదనను అక్కా. పై వరసలో ఎవరో కుర్రాడి పేరు చక్కగా కనబడుతోంది. వయసు కూడా సరిపోతుంది. దాంతో కాస్త అడ్జస్ట్ అవ్వు.”

రిజిస్టరమ్మ గొంతు పెంచబోయింది. వెనకున్న నలభైమందీ ఎంతో మర్యాదగా అడ్డుపడ్డారు.

“కాస్త అడ్జస్ట్ అవ్వండమ్మా, మాకు టైమవుతోంది.”

కుర్రాడి పత్రం తీసుకుని ఆవిడ పక్కకి జరిగింది. జరగడం ఆవిడకి అలవాటే. వరస ముందుకు కదిలింది. తర్వాత మీరే, కాగితాలు చేతిలో పెట్టుకోండి.