వేలాడే వైరు

2003లో దసరా మర్నాడు పొద్దున్నే ఓదెలు ఇస్త్రీ చొక్కా తొడుక్కుని నయాపూల్‌కు బయల్దేరాడు. టోకు మందుల వ్యాపారి వైకుంఠం సేటు ఆఫీసులో మూడేళ్లుగా టెంపరరీగా కంప్యూటర్లు చూస్తున్నాడు. పండుగ వెళ్లగానే పర్మనెంట్ చేస్తానని సేటు మాటిచ్చాడు. ఆ కాగితం ఇవాళ చేతికొస్తుందని అతని ఆశ.

తీరా వెళ్తే నెట్‌వర్క్ పడిపోయి ఉంది. ఏ కంప్యూటరుకూ పక్క కంప్యూటరు అందడం లేదు. ఓదెలు అన్నింటిలోనూ పింగ్ నడిపించాడు. ఒక యంత్రం ఇంకోదాన్ని 'ఉన్నావా' అని అడిగి జవాబు కోసం చూడడమే పింగ్. జవాబు లేదు, జవాబు లేదు అంటూ నల్లటి తెరల మీద తెల్లటి వరుసలు పరుగెత్తాయి.

అది చూసి మేనేజరు వీరరాఘవరావు కేక పెట్టాడు. "సేటుగారూ, వైరస్ అండీ! అన్నింటికీ పాకేసింది!"

సేటు ఉరికొచ్చాడు. "ఏందయ్యా ఓదెలు గిది?"

"పింగ్, సేట్. అవతలి మిషన్ ఉన్నదా లేదా అని సెకనుకోసారి అడుగుతది."

"సెకనుకోసారా? గట్ల సతాయిస్తే అది పనెప్పుడు చేస్తది? బంద్ చెయ్! అన్నీ బంద్ చెయ్!"

అన్నీ ఆర్పేశారు. మేనేజరు బ్రాంచీలకు ఫోన్ చేసి అక్కడా ఆర్పించాడు. బిల్లులు ఆగిపోయి మందుల షాపులవాళ్లు మెట్ల మీద లొల్లి మొదలుపెట్టారు.

ఆ గోలలో ఓదెలు చూపు వైర్లన్నీ కలిసే స్విచ్ పెట్టె మీద పడింది. ఒక్క కంప్యూటరూ నడవకపోయినా దాని దీపాలు ఆగకుండా మిణుకుమంటున్నాయి. దగ్గరికెళ్లి చూస్తే ఒకే వైరు రెండు కొసలూ అందులోనే గుచ్చి ఉన్నాయి. పెట్టె పంపిన మాట దానికే తిరిగొచ్చి, మిగతా ఎవరి మాటకూ దారి లేకుండా చేస్తోంది.

"గిది ఎవలు పెట్టిన్రు సేట్?"

"నేనే. ఆయుధపూజప్పుడు వైరు కొస ఏలాడుతుంటే అపశకునమని, బొట్టు పెట్టి నా చేత్తోనే పెట్టిన. ఏంది, తప్పా?"

అప్పుడైనా ఓదెలు నోరు మూసుకోవలసింది. "తప్పే సేట్. గందుకే అంతా ఆగింది" అన్నాడు, గుమాస్తాలందరి ముందూ. వైరు పీకి కంప్యూటర్లు మళ్లీ ఆన్ చేయగానే పింగులకు జవాబులు బారులు తీరాయి.

సేటు మొహం ముడుచుకుంది. "ఒక్క వైరు పీకుడేనా? గింత దానికి పర్మనెంట్ మనిషెందుకు?"

సాయంత్రానికి ఓదెలుకు కాగితం అందింది, రేపటి నుంచి రావద్దని. మూడేళ్లు ఒక్క పూట కూడా పని ఆగకుండా చూసుకున్నవాడి కడుపు మండిపోయింది. ఏడుపు కూడా వచ్చింది.

కంప్యూటర్ల బాధ్యత వీరరాఘవరావుకు అప్పగించారు. ఆయనకు వైరు ముట్టుకోవాలంటే భయం గనక ఇక ఏ తప్పూ జరగదని సేటు నమ్మకం.