నలుగురికే చోటు

ఆదివారం పొద్దున పెద్దన్న వేసుకున్న పథకం చాలా చిన్నది. ఉగ్గాని తినాలి, ఇస్త్రీ చొక్కా తొడుక్కోవాలి, రామలింగప్పను జీపులో ఎక్కించుకుని ఫంక్షన్ హాలుకు తీసుకుపోవాలి. అక్కడ రామలింగప్ప మైకు పట్టుకుని, కోడుమూరులో తమ పార్టీ తరఫున ఎంపీటీసీకి నిలబడేది ఎవరో చెబుతాడు. ఆ పేరు తనదేనని పెద్దన్నకు తెలుసు. పైకి ఎవరూ చెప్పలేదు గానీ ఊరంతటికీ తెలుసు. పేరు వినగానే ఆశ్చర్యపోయినట్టు మొహం పెట్టాలి కాబట్టి, ఆ మొహాన్ని కొన్నాళ్ళుగా అద్దం ముందు సాధన చేస్తున్నాడు.

రామలింగప్ప మగ్గాల ఇంట్లో పుట్టి, చీరల వ్యాపారంలో నిలదొక్కుకుని, ఒకసారి సర్పంచిగా కూడా చేసిన పెద్దమనిషి. పెద్దన్న ఆయనకు కుడిభుజం. పేరుకు ఎరువుల అంగడి ఉంది గానీ, ఆ అంగట్లో కూర్చున్నదాని కంటే రామలింగప్ప జీపు తోలుతూ గడిపిందే ఎక్కువ. వయసులో చిన్నవాడైనా పేరు పెద్దన్న కావడంతో, రామలింగప్ప కూడా వాణ్ణి పెద్దన్నా అనే పిలవాల్సి వచ్చేది.

పెద్దన్న చెప్పులు విప్పి రామలింగప్ప ఇంటి వరండాలో కూర్చున్నాడు. మేడ మీద గది కిటికీ తెరిచి ఉంది. కోడలు శివలీల గొంతు అందులోంచి గట్టిగా వినిపిస్తోంది. చెవుల్లో ఇయర్‌ఫోన్లు పెట్టుకున్నవాళ్ళు మాట్లాడే తీరే అంత.

"పార్టీలో ఐదుమంది ఉండాం మామా. ఇప్పుడు నలుగురికే చోటు. ఒకర్ని తీసేయాల."

"ఎవర్నమ్మా?" ఇది రామలింగప్ప గొంతు.

"ఇంకెవర్ని, పెద్దన్ననే."

పెద్దన్న తలెత్తి కిటికీ వైపు చూశాడు.

"పాపం, శానా రోజుల్నుంచి మన ఎంట తిరిగిన మనిషి గదమ్మా," అన్నాడు రామలింగప్ప.

"తిరిగితే సరిపోతాదా మామా? జీపు తోలేది తప్ప ఇంకేమొస్తాది? ముందుకు రమ్మంటే గడ్డివాము ఎనక దాక్కునేది. పోయినసారి మనం ఓడింది కూడా ఆ పుణ్యమే."

పోయిన ఎన్నికల్లో బూత్ దగ్గర కొట్లాట జరిగినప్పుడు పెద్దన్న గడ్డివాము వెనక దాక్కున్న మాట నిజమే. ఆ సంగతి తనకూ ఆ గడ్డివాముకూ తప్ప మూడో మనిషికి తెలియదనుకున్నాడు.

"మనసు కష్టపెట్టుకుంటే?" రామలింగప్ప ఇంకా నసుగుతున్నాడు.

"పెట్టుకోనీ. మోడ్ మారినాంక మళ్ళా చేర్చుకుందాం. లీడరు నువ్వే గదా, నువ్వు తీసేస్తేనే పోయేది."

"సరే. తీసేసినా."

ఒక్క మాట. చొక్కా మీద వాలిన ఈగను తోలినంత సులువుగా అనేశాడు. ఆ 'మోడ్' పెద్దన్న చెవికి 'మూడ్' అని వినబడింది. అంటే ఊళ్ళో జనం మూడ్ మారేదాకా తనను పక్కన పడేస్తారన్నమాట. నిన్నటిదాకా తన చేత్తో బజ్జీలు తెప్పించుకుని తిన్న మనిషి, కోడలి మాట మీద ఇంత పని చేశాడు. పెద్దన్న లేచి గేటు దాటాడు. వీధి మలుపు తిరిగాక, అరికాళ్ళు చురుక్కుమన్నప్పుడు తెలిసింది, చెప్పులు అక్కడే వదిలేశాడని. వెనక్కి పోవడానికి మనసొప్పలేదు.

ఇంటికొచ్చేసరికి భార్య సుంకులమ్మ మంచం మీద మొహం మాడ్చుకుని కూర్చుని ఉంది. పక్కన ఫోను బోర్లా పడి ఉంది. అది పెద్దన్న వాడి వదిలేసిన పాత ఫోను.

"తీసేసినారే," అన్నాడు పెద్దన్న గుమ్మంలోంచే.

సుంకులమ్మ ఉలిక్కిపడి తలెత్తింది. "నీకెట్ల తెలిసె?"

"నా చెవులార వింటి. నీకెవరు చెప్పినారు?"

"ఎవరు చెప్పాల, ఇప్పుడే ఫోన్లో వచ్చింది. పార్టీలోంచి తీసేసినాం అని."

పెద్దన్న గోడకు చేరగిలబడ్డాడు. తాను వీధి దాటకముందే వార్త ఫోన్లో ఇంటికి చేరిపోయింది. అంటే ఊరంతా చేరి ఉంటుంది.

"ఒక్క మాట చెప్పలేదు," అంది సుంకులమ్మ. "జీపులో ఎన్ని తావులు తిప్పినాం వాళ్ళను. దెబ్బలు తగిలి కింద పడితే ఎవరు లేపినారు? మందు ఎవరు ఇచ్చినారు? అంతా మరిచిపోయినారు."

రామలింగప్ప మోకాలి ఆపరేషన్ రోజులు పెద్దన్నకు గుర్తొచ్చాయి. కళ్ళు చెమర్చాయి. తన కష్టం భార్య ఇంతగా మనసులో పెట్టుకుందని ఇన్నాళ్ళూ గమనించనే లేదు. ఫోను పట్టుకుని కూర్చుంటావని ఎప్పుడూ కసిరే భర్త ఈ రోజు తన పక్షాన నిలబడ్డాడని అటు సుంకులమ్మకూ ఏడుపొచ్చింది.

"గమ్మునుంటే మనకు మర్యాద ల్యా," అంది ఆమె కళ్ళు తుడుచుకుని. "ఈరేష్ వాళ్ళింట్లోంచి పిలుపొచ్చింది. మా పార్టీలోకి రండి అని రామలక్ష్మమ్మ ఎప్పట్నుంచో అడుగుతాండాది. ఇప్పుడే సరే అంటి."

ఈరేష్ అంటే అవతలి పార్టీకి మండలంలో పెద్ద తలకాయ. రామలక్ష్మమ్మ అతని భార్య. ఆడవాళ్ళు ఇంతదాకా తెచ్చారంటే ఇది ఈనాటి మాట కాదు.

"సరే అంటివా?"

"అంటి. ఏం, తప్పా?"

పెద్దన్న దండెం మీది తువ్వాలుతో మొహం తుడుచుకున్నాడు. "తప్పేం ల్యా. నువ్వన్నాంక నేనూ అన్నట్టే," అని బయటికి నడిచాడు. వెనక నుంచి సుంకులమ్మ ఏదో అడిగింది గానీ వినిపించుకోలేదు.

ఈరేష్ అరుగు మీద గడ్డం గీయించుకుంటున్నాడు. ఒక చెంప నున్నగా, ఒక చెంప నురగతో ఉంది. గేట్లో పెద్దన్నను, అదీ చెప్పుల్లేకుండా చూసి మంగలి కత్తికి అడ్డంగా చెయ్యి పెట్టాడు.

"ఏమప్పా, రామలింగప్పకు ఏమన్నా ఆయెనా?"

"ఆయప్పకేం, బాగుండాడు. నేను మీ పార్టీలో చేరను వచ్చినా. మీ ఇంట్లోంచి పిలుపొచ్చింది గదా."

ఈరేష్ నురగతోనే భార్య వైపు తిరిగాడు. రామలక్ష్మమ్మ తలుపు దగ్గర కొత్తిమీర కట్ట విప్పుతోంది.

"పిలిచింది నువ్వా?"

"నేనే. సుంకులమ్మక్క సరే అన్నాది పొద్దున. ఈయప్ప కూడా వస్తాడనుకోల్యా," అంది ఆమె. ఆమెకూ కొంచెం ఆశ్చర్యంగానే ఉంది. కానీ వచ్చిన మనిషిని కాదనడం ఎందుకని ఊరుకుంది.

ఈరేష్ భార్యను కొత్తగా చూశాడు. ఎన్ని ఎన్నికలు పోయినా, ఎంత ఎర వేసినా కదలని పెద్దన్నను ఈ మనిషి వంటింట్లో కూర్చుని లాగేసింది. ఆమెకు మంత్రాంగం తెలుసని ఇన్నేళ్ళ కాపురంలో తనకు తట్టలేదు. రెండో చెంప సంగతి మరిచిపోయి లేచాడు. కండువా తెచ్చారు. నలుగురు మనుషులు ఫోన్లు పట్టుకున్నారు. ఈరేష్ కండువా కప్పి, పెద్దన్న చెయ్యి పైకెత్తి, తమ ఎంపీటీసీ అభ్యర్థి ఈయనేనని అక్కడికక్కడే చెప్పేశాడు. పెద్దన్న మొహం తెరిచిన సంచిలా ఉండిపోయింది. సాధన చేసిన ఆశ్చర్యం అవసరం లేకుండానే వచ్చింది.

వీడియో ఊళ్ళోకి పోయింది. కాసేపటికి పెద్దన్న ఫోను మోగింది. రామలింగప్ప.

"ఎత్తప్పా. స్పీకరు పెట్టు. ఏమంటాడో అందరం విందాం," అన్నాడు ఈరేష్.

"పెద్దన్నా, యాడుండావు?" రామలింగప్ప గొంతు గుంపు చప్పుడులోంచి వస్తోంది. "మా వరండాలో నీ చెప్పులుండాయి. నువ్వు ల్యావు. నువ్వు హాలుకు ముందే పోయినావేమోనని వేరే బండిలో వస్తి. నీ పేరు చదివినా, ఫ్లెక్సీ మీద గుడ్డ తీసినా, జనం చప్పట్లు కొట్టినారు. చప్పట్లు అయిపోకముందే ఎవరో ఫోన్లో నువ్వు ఈరేష్ పక్కన ఉండేది చూపిచ్చిరి. ఏంటికప్పా ఇట్ల చేస్తివి?"

పెద్దన్న ఫోను మొహానికి దగ్గరగా లాక్కున్నాడు. "నా పేరు చదివినావా అన్నా?"

"నీది గాక ఎవరిది చదువుతా?"

"పొద్దున నన్ను తీసేస్తివి గదా. నలుగురికే చోటు అనుకుంటిరి. గడ్డివాము మాట కూడా వచ్చింది. అంతా వింటి."

రామలింగప్ప గొంతు బాగా తగ్గించాడు. "అది ఆటప్పా. ఫోన్లో తుపాకులతో కాల్చుకునే ఆట. ఆపరేషన్ అప్పుడు మంచంలో పడుంటే మా కోడలు నేర్పిచ్చింది. కలిసి ఆడేవాళ్ళ గుంపును పార్టీ అంటారు. ఆటలో ఒక్కో పద్ధతి ఒక్కో మోడ్. పాత మోడ్‌లో ఐదుగురం ఆడతాంటిమి. ఈ పొద్దు మోడ్ మార్చితే నలుగురికే చోటు ఉండె. దానికి ఒకర్ని తీసేస్తిమి."

"నేను ఆటలో ఎప్పుడుంటిని అన్నా?"

"నువ్వు కాదప్పా. సుంకులమ్మ. నీ పాత ఫోన్లో, నీ పేరు మీదనే ఆడతాండాది. ఆయమ్మకు జీపు తోలేది తప్ప ఏమీ రాదు. కాల్పులు మొదలైతే గడ్డివాము ఎనకకు పోతాది."

ఆ మాటలు రెండేసిసార్లు వినిపిస్తున్నాయని పెద్దన్నకు అప్పుడు తట్టింది. ఒకసారి రామలింగప్ప గొంతుతో, వెంటనే ఇంకోసారి హాలు గోడలకు తగిలి. ఎడమ చేతిలో మైకు ఉందన్న మాట పెద్దమనిషి మరిచిపోయాడు. కోడుమూరు మాజీ సర్పంచి మేడ మీద కూర్చుని తుపాకుల ఆట ఆడతాడని హాలంతా వినేసింది. ముందు ఎక్కడో ఒక ఆడమనిషి కిసుక్కుమంది. తర్వాత నవ్వు హాలంతా పాకింది.

ఈమె పిలిచిన పార్టీ కూడా ఆటలోదేనని తట్టి, ఈరేష్ తన భార్య వైపు తిరిగాడు. రామలక్ష్మమ్మ కొత్తిమీర తీసుకుని లోపలికి వెళ్ళిపోయింది.

ఫోను ఎవరూ పెట్టేయలేదు. ఆ నవ్వుల్లోంచి ఇంకో గొంతు దగ్గరగా వచ్చింది. సుంకులమ్మది. తనను ఎందుకు తీసేశారో శివలీలను మొహం మీదే అడగాలని ఆమె నేరుగా హాలుకు వెళ్ళింది. అక్కడ మైకులో తన గడ్డివాము సంగతే వినాల్సి వచ్చింది.

"గడ్డివాము ఎనక ఉండేది దాక్కోను కాదు," అంటోంది ఆమె. "పడిపోయినోళ్ళను లాగి మందు పెట్టేది యాడ పెట్టాల, నడి బయట్లోనా? ఏం మామా, నిన్ను ఎన్నిసార్లు లేపలా?"

మైకులోనే అడిగింది. హాల్లో ఆడవాళ్ళు చప్పట్లు కొట్టారు. ఆ చప్పట్లు ఆగలేదు. గుడ్డ తీసేసిన ఫ్లెక్సీ వెనక ఉంది. అభ్యర్థి లేడు. ముందు జనం ఉన్నారు. రామలింగప్ప రాజకీయాల్లో తిన్న ఢక్కామొక్కీలు ఆ క్షణంలో అక్కరకొచ్చాయి.

"పెద్దన్న పేరు మీద ఇన్నాళ్ళు నిలబడింది ఈయమ్మనే," అన్నాడు గొంతు సవరించుకుని. "ఇప్పుడూ ఈయమ్మనే నిలబెడతాండా."

పెద్దన్న ఫోను జేబులో పెట్టుకున్నాడు. కండువా తీసి మడత పెట్టబోయాడు. ఈరేష్ ఆ చెయ్యి పట్టుకున్నాడు. అభ్యర్థి ఈయనేనని చెప్పిన వీడియో అప్పటికే ఆదోని దాకా పోయింది. ఇప్పుడు వెనక్కి తీసుకుంటే తన మొహం ఎక్కడ పెట్టుకోవాలి? పైగా అవతల నిలబడింది పెద్దన్న భార్యే కాబట్టి, ఇంటి ఓట్లయినా చీలతాయని అతని లెక్క.

మధ్యాహ్నం పెద్దన్న ఈరేష్ కప్పిన కండువాతో, ఎవరివో అరువు చెప్పులతో ఇల్లు చేరాడు. సుంకులమ్మ మెడలో ఇంకా పూలమాల ఉంది.

"మళ్ళా చేర్చుకున్నారంట గదా," అన్నాడు.

"మోడ్ మార్చినారు," అంది ఆమె.

సుంకులమ్మ జొన్నరొట్టె వేసింది, పప్పు వేసింది, అడగకుండానే నెయ్యి కూడా వేసింది. ఓటు మాత్రం అడగలేదు.