పదేసిసార్లు అనండి

ఆ ఉదయం కార్యక్రమం చాలా సులువు. తొమ్మిదికి పాఠం, పదకొండుకి పరీక్ష, పన్నెండుకి భోజనం. భాష నేర్చుకోవలసిన విద్యార్థులు ముగ్గురు: కాళ్లున్న గుమ్మడికాయ, మూడు తొండాల ఏనుగు, తోక మీద నడిచే పిల్లి. ముగ్గురూ కార్టూన్ జీవులే. పరీక్షలో తమకు భాష వచ్చని రుజువు చేసుకోకపోతే స్టూడియో యజమాని రబ్బరుతో చెరిపేస్తానన్నాడు. మూడు నెలలు కూర్చుని వాటిని గీసిన చిత్రకారిణికి ఏడుపొక్కటే తక్కువ. గతిలేక, రిటైరైన మాస్టారు కదా అని బాబాయిని పిలిచింది.

"నువ్వు బెంగపడకమ్మా. నేను ఏదంటే అది పదేసిసార్లు అనిపిస్తాను. చచ్చినట్టు వస్తుంది," అన్నారు మాస్టారు.

కార్టూన్ల మాట గాలిలో కలిసిపోదు. బుడగై నిలబడుతుంది. రబ్బరుతో రుద్దితే తప్ప పోదు. ఆ ముక్కే ఆవిడ చెప్పబోయింది. మాస్టారు వినడం ఉద్యోగంలో చేరిన రోజే మానేశారు.

తను ఏదంటే అది పదేసిసార్లు అనమని విద్యార్థులకి చెప్పి, "నమస్కారం!" అన్నారు.

యాభై బుడగలు లేచాయి. ఏనుగు మూడు తొండాలతోనూ అంది మరి.

"ఇక చాలు!" అన్నారు. అదీ పదేసిసార్లు అన్నాయి. "ఆపండ్రా!" అంటే అదీ అన్నాయి. ఇంత వినయం ఆయన సర్వీసులో ఎన్నడూ చూడలేదు. బుడగలు బల్లలెక్కి, కిటికీ మూసి, తలుపుకి అడ్డం పడ్డాయి.

"బాబాయ్, మీకు దణ్ణం పెడతాను, మీరు మాట్లాడకండి!"

"నన్నే మాట్లాడొద్దంటావా?"

అదీ పదేసిసార్లు అడిగాయి.

పదకొండుకి యజమాని ఇటుకంత రబ్బరు పట్టుకొచ్చి తలుపు లాగాడు. బుడగలన్నీ ఒక్కసారిగా మీద పడి ఆయన్ని గోడకి అదిమేశాయి. చిత్రకారిణి ఆయన చేతిలో రబ్బరు లాక్కుని చేతులు పడిపోయేలా రుద్దింది. ఆయన బయటపడేసరికి రబ్బరు బఠాణీగింజంత మిగిలింది.

"నోరు ముయ్యండి!" అని యజమాని గదంతా అదిరేలా అరిచాడు.

మూడూ టక్కున మూశాయి. ఏనుగు తొండాలు మూడూ ముడేసుకుంది.

యజమాని బఠాణీగింజని చూశాడు, విద్యార్థులని చూశాడు, మీసం దువ్వుకున్నాడు. "చూశారా! నేను ఒక్కసారి చెప్పగానే ఎలా అర్థమైపోయిందో! భాష వచ్చినట్టే. ముగ్గురూ పాస్!"

చిత్రకారిణి సంతోషం పట్టలేక గుమ్మడికాయని వాటేసుకుంది.

"నేను గట్టి పునాది వేయబట్టే..." అంటూ మాస్టారు గొంతు సవరించుకున్నారు. ఆవిడ ఆయన్ని రెక్క పట్టుకుని పన్నెండు కాకుండానే భోజనానికి లాక్కెళ్లింది.

నోరు మూసుకునే పాఠం రానివారు ఆ గదిలో ఆయనొక్కరే.