మైసమ్మ గద్దె కింది ఇసుక

పొద్దున్నే చాయ్ తాగుతూ మొగిలి ఆ రోజు పనంతా మనసులోనే పూర్తి చేసేశాడు. కోర్టు ఆర్డరు చూపించాలి, ఠాణాలో ఉన్న తన టిప్పర్‌ను విడిపించుకోవాలి, సాయంత్రంలోగా హైటెక్ సిటీ వెనుక లేస్తున్న టవర్ దగ్గర దాన్ని నిలబెట్టాలి. "పొద్దుగూకేలోపు రాకుంటే మట్టి తోలే పని ఇంకోనికిస్త" అని అక్కడి మేస్త్రీ ఖరాఖండిగా చెప్పాడు. ఆ పని పోతే నల్లగండ్లలో కిరాయి ఇల్లు ఖాళీ చేసి ఊరి దారి పట్టడమే.

పర్మిట్ లేకుండా వాగు ఇసుక తోలడం తప్పే. మొగిలి కాదనడు. కానీ ఆ ఇసుకతోనే లేచిన అద్దాల మేడలను ఎవరూ కాగితం అడగరేమిటన్నది అతనికి ఎప్పటికీ మింగుడుపడని సంగతి.

ఠాణాలో ఎస్సై రాజేందర్ ఆర్డరు చదివాడు. బండిలోని ఇసుకను ఠాణా ఆవరణలో దింపించుకుని, బండిని జామీను మీద ఓనరుకు అప్పగించాలని అందులో ఉంది. తీరా టిప్పర్ ఎక్కి చూస్తే సగం ఖాళీ.

"ఏందయ్యా ఇది? పంచనామాల నిండు లోడని రాసినం. సగం ఎటు పోయింది?"

"నాకేమెరుక సార్? బండి మీ కాడనే ఉన్నది గద!"

"అంటే మేం అమ్ముకున్నమా?" అని కస్సుమన్నాడు రాజేందర్.

వెనుక నిలబడ్డ మొగిలి భార్య నర్సమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. ఆమె రోజూ తాపీ పనికి వెళ్లే మనిషి. "నేనే తీసిన సార్. బండి ఇడుదలైతే మైసమ్మకు గద్దె కడ్తనని మొక్కుకున్న. ముందే కడితే తల్లి జల్ది కరుణిస్తదని..."

అందరూ ఆవరణలోని వేపచెట్టు వైపు చూశారు. నిన్నమొన్నటిదాకా నేల మీదున్న మైసమ్మ రాయి ఇప్పుడు నున్నటి గద్దె మీద పసుపు కుంకుమలతో కొలువుదీరి ఉంది. గద్దె తడపడానికి పైపు ఇప్పించింది రాజేందరే. డ్యూటీ ఎక్కే ముందు రోజూ అక్కడ దండం పెట్టుకుంటున్నదీ ఆయనే. ఇసుక ఎక్కడిదని అడగాలని మాత్రం ఆ ఠాణాలో ఒక్కరికీ తోచలేదు.

"సాక్ష్యం తోటి గద్దె కట్టినవా అమ్మా?"

"మా బండిల ఇసుకే గద సార్. పరాయోళ్లది ముట్టలే."

"కూలగొడ్దామా?" అన్నాడు మొగిలి, పని పోతుందన్న బెంగలో నోరుజారి. వెంటనే లెంపలు వేసుకున్నాడు. రాజేందర్ కూడా తనకు తెలియకుండానే వేసుకున్నాడు.

"నాకైతే లోడు సరిపోవాలె. లేకుంటే బండి కదలది," అని ఎస్సై లోపలికి వెళ్లిపోయాడు.

మొగిలి వెంటనే పక్కింటి కుమార్‌కు ఫోన్ కొట్టాడు. ట్రాలీ ఆటో నడుపుకునే కుమార్ మారు మాట లేకుండా వచ్చాడు. "ఫికర్ జెయ్యకన్నా, మదీనాగూడల దొరుకుతది తియ్." ఇద్దరూ వెళ్లి, రసీదు ఊసే ఎత్తకుండా ఇసుక నింపుకుని, ట్రాఫిక్‌ను తిట్టుకుంటూ వచ్చి నేరుగా ఠాణా గేటులోకి దూరారు.

అప్పటికే టిప్పర్ ఖాళీగా ఉంది. తాళంచెవి నర్సమ్మ చేతిలో ఉంది.

"ఎట్లిచ్చిండ్రు?"

"కోర్టు ఏం రాసిందో మల్ల సదవమన్న. ఇసుక ఠాణాల దింపుకోవాలని రాసిందంట. 'సగం నేను ముందే దింపిన గద సారూ' అని చెప్పిన. మిగిలింది ఆళ్లు దింపుకున్నరు."

మొగిలికి నవ్వాగలేదు. అంతలో రాజేందర్ బయటికి వచ్చి ట్రాలీ చుట్టూ ఒక ప్రదక్షిణ చేశాడు.

"ఇదేం ఇసుక?"

"తక్కువైన ఇసుక సార్," అన్నాడు కుమార్ సంతోషంగా.

"పర్మిట్?"

కుమార్ మొగిలి వైపు చూశాడు. రాజేందర్ గేటు మీది కెమెరా వైపు దీనంగా చూశాడు. "సీదా ఠాణాలకే తెస్తిరి గదరా! నేను కండ్లు మూసుకున్నా అది మూసుకుంటదా?"

కుమార్ ముఖం చూడలేక మొగిలి తల దించుకున్నాడు. అడిగిందే తడవు పరుగెత్తుకొచ్చిన మనిషి. ఇప్పుడు ఠాణాలో చిక్కిన ఆ ట్రాలీయే అతని ఇంటి అన్నం. సాయంత్రానికి టవర్ దగ్గర టిప్పర్‌ను నిలబెట్టి పని దక్కించుకున్న మొగిలి, ఆ రాత్రే సిగ్గుపడుతూ కుమార్ ఇంటికి వెళ్లాడు. "నీ బండి వచ్చేదాక నా బండి మనిద్దరిదిరా," అన్నాడు కుమార్‌తో. "ఒక పూట నువ్వు తోలు, ఒక పూట నేను తోల్త."

మర్నాడు కుమార్ బండికి జామీను ఉండటానికి మొగిలి కోర్టుకు వెళ్లాడు. ఇసుక కేసులో బండి ఎలా విడిపించుకోవాలని ఎవరో అడిగితే, బంట్రోతు అతని వైపే చెయ్యి చూపించాడు.