రెండొందల నలభై నాపరాళ్ల ఇల్లు

ప్రపంచంలోని అద్దె ఇళ్లన్నింటిలోకీ ఖరీదైనది సొంత ఇల్లే అన్న సత్యాన్ని తూర్పుతీర గృహసౌభాగ్య సహకార సంఘం 1970లోనే కనిపెట్టింది. తొందరపడి బయటపెడితే సభ్యులు బెంబేలెత్తి ఇళ్లు కట్టుకోవడం మానేస్తారేమోనన్న దయతో, ఆ సత్యాన్ని నలభై ఎనిమిది నిబంధనల మధ్య ముప్పై ఒకటో నిబంధనగా, చీమ తలకాయంత అక్షరాల్లో భద్రపరిచింది. (చదవలేనివారి కోసం సంఘం ఒక భూతద్దం కూడా కొన్నది. అది కావాలంటే దరఖాస్తు పెట్టుకోవాలి. దరఖాస్తు కూడా అదే అక్షరాల్లో ఉంటుంది.)

ఆ ఏడాది జనవరిలో ఆ కాగితాల మీద పందొమ్మిది చోట్ల సంతకాలు చేసినవాడు రత్నరాజు. విశాఖ పోర్టులో టాలీ గుమస్తా. ఓడలోంచి దిగే బస్తాలను లెక్కపెట్టడం ఆయన ఉద్యోగం. బస్తాకొక గీత, ఐదో బస్తాకు అడ్డగీత. ఓడ తరఫున ఒకరు, గట్టు తరఫున ఒకరు గీతలు గీస్తారు. సాయంత్రం ఇద్దరి కాగితాలూ కలిస్తేనే ఇంటికి పోవడం. ఇరవై ఏళ్లుగా ఆయన కాగితం కలవని రోజు లేదు. అంతటి లెక్కగాడు, నూట ఇరవై మూడు రూపాయల ఎనభై ఆరు పైసలను రెండొందల నలభై నెలలతో హెచ్చవేసి చూసుకోలేదేమని మీకు అనుమానం రావచ్చు. టాలీ గుమస్తా పని లెక్కపెట్టడం వరకే. హెచ్చవేతలన్నీ హెడ్డాఫీసువి. పరాయి సీటు పనిలో వేలు పెట్టే అలవాటు ఆయనకు లేదు.

తీసుకున్న అప్పు పన్నెండు వేలు. దానితో గాజువాకలో నాలుగు వందల ఎనభై చదరపు అడుగుల ఇల్లు లేచింది. అంతకుముందు వన్ టౌన్‌లో, టార్పాలిన్లు కుట్టే అబ్దుల్ రజాక్ ఇంట్లో నెలకు నలభై రూపాయల అద్దెకుండేవారు. మిషన్ బడిలో కుట్టు టీచరైన భార్య పుష్పకుమారి, సామాన్లు బండికెక్కిస్తున్న రోజున, ఇక తన గోడకు మేకు కొట్టడానికి ఒకరిని అడగక్కర్లేదని కళ్లనీళ్లు పెట్టుకుంది.

కొత్త ఇంటి నేలకు తాపీమేస్త్రి రెండడుగుల పొడవు, అడుగు వెడల్పు ఉన్న నాపరాళ్లు పరిచాడు. రత్నరాజు లెక్కపెట్టాడు. సరిగ్గా రెండొందల నలభై. వాయిదాలు కూడా రెండొందల నలభైయే! ఆయనకు ఒళ్లు పులకరించింది. అప్పు కూడా ఓడే కదా. ఒక బస్తా దిగితే ఓడలో ఒక బస్తా తగ్గుతుంది. ఒక వాయిదా కడితే ఒక రాయి తనది. పోర్టులో పెట్టెల మీద గుర్తులు వేసే ఎర్రరంగు చిన్న డబ్బాలో తెచ్చుకుని, ప్రతి నెలా వాయిదా కట్టి రాగానే గుమ్మం దగ్గర మొదలుపెట్టి వరసగా ఒక్కో రాయి మీద ఒక్కో చుక్క పెట్టాడు. వచ్చిన చుట్టాలను చుక్కలున్న రాళ్ల మీదే కుర్చీ వేసి కూర్చోబెట్టేవాడు. మిగతా రాళ్ల మీద కూర్చోబెట్టడం పరాయి సొమ్ముతో మర్యాద చేసినట్టుగా ఆయనకు తోచేది.

ఎనిమిదేళ్లకు చుక్కలు తొంభై ఆరయ్యాయి. ముందుగది పూర్తిగా దాటి, పడకగదిలో మంచం రెండు కోళ్ల కిందికి చేరాయి. రత్నరాజుకు యాభై నాలుగు నిండాయి. మరో నాలుగేళ్లలో ఉద్యోగం అయిపోతుంది. వాయిదాలు మాత్రం 1989 దాకా ఉన్నాయి. పింఛను డబ్బులతో వాయిదా కట్టి, మిగిలిన దానితో బియ్యం కొనడం ఎలాగో ఆయన ఊహకు అందలేదు. రిటైరయ్యే రోజుకి ఇల్లు తనదైపోవాలి. ఈ ఒక్క కోరిక తప్ప ఆయనకు ఇంకో కోరిక లేదు. మిగిలినవి నూట నలభై నాలుగు రాళ్లు. రాయికి యాభై రూపాయలు. జీవితంలో ఆ ఒక్క హెచ్చవేతకు ధైర్యం చేశాడు. ఏడువేల రెండు వందలు వచ్చింది.

ప్రావిడెంటు ఫండులోంచి కొంత తీశాడు. పుష్పకుమారి చీటీ పాడింది. అయినా తొమ్మిది వందలు తక్కువపడితే చేతి గాజులు తీసి బల్ల మీద పెట్టింది.

"వొద్దు పుష్పా, అవి మీ అమ్మవి" అన్నాడు రత్నరాజు.

"మా అమ్మ అద్దిళ్లల్లోనే తిరిగి తిరిగి పోయింది. ఆ గాజులు నా సేతికుంటే ఏటి, ఈ గోడలకుంటే ఏటి! పట్టుకెళ్లండి" అంది. అని వెనక్కి తిరిగి పొయ్యి రాజేసుకుంది. గాజుల్లేని చేతిని ఆయన చూడకూడదనే అటు తిరిగింది.

సంఘం ఆఫీసు వన్ టౌన్‌లో తాళ్ల కొట్టు మేడ మీద. అక్కడ అర్జునరావుగారు అనే అధికారి ఉన్నారు. హోదా: వాస్తవ యాజమాన్య నిర్ధారణాధికారి. రత్నరాజు సంచీ బల్ల మీద పెట్టి, "నా బాకీ మొత్తం తీర్సేత్తన్నానండి" అన్నాడు.

అర్జునరావుగారు ఆయన్ని చాలాసేపు జాలిగా చూశారు. తర్వాత లావుపాటి పుస్తకం తెరిచి, "మీరు ఇంతవరకు కట్టింది పదకొండు వేల ఎనిమిది వందల తొంభై రూపాయల యాభై ఆరు పైసలు" అన్నారు.

"నా కాగితంలో కూడా అంతేనండి. కలిసింది!" రత్నరాజు సంబరపడ్డాడు.

"ఇంకా కట్టాల్సిన అసలు తొమ్మిది వేల ఎనిమిది వందల ఎనభై ఒకటి."

 రత్నరాజు తన కాగితం మళ్లీ చూసుకున్నాడు. "పన్నెండేలు అప్పు, పన్నెండేలూ దగ్గిర దగ్గిర కట్టేసేను. ఇంకా తొమ్మిదేల ఎనిమిదొందలా? మరి నాను కట్టిందంతా ఏటయిందండి?"

"మొదటి నెల మీరు నూట ఇరవై మూడు చిల్లర కట్టారు. అందులో నూట పది రూపాయలు వడ్డీ. మిగిలిన పదమూడు రూపాయల ఎనభై ఆరు పైసలే అసలులో తగ్గింది. అలా నెలనెలా వడ్డీ కాస్త సన్నబడుతూ, అసలు కాస్త ఒళ్లు చేస్తూ వస్తాయి. ఎనిమిదేళ్లలో అసలు కింద జమైంది రెండువేల నూట పంతొమ్మిది. తక్కినదంతా వడ్డీ. అవతలి పక్కకు వెళ్లేకొద్దీ బాగుంటుందండి. చివరి రెండేళ్లు చాలా ఆనందంగా ఉంటుందని సభ్యులు చెబుతారు." (ఆ వయసుకు చేరిన సభ్యులు చెప్పిన మాట మాత్రం రికార్డులో లేదు.)

"బస్తా దింపితే ఓడ ఖాళీ అవ్వాల కదండి! రెండు పక్కలా కాయితం కలవాల కదా!"

"కలిసింది కదండీ. మీరిచ్చింది మీరు రాసుకున్నారు, మేం పుచ్చుకున్నది మేం రాసుకున్నాం. ఒక్క పైసా తేడా లేదు" అన్నారు అర్జునరావుగారు.

రాళ్ల సంగతీ, చుక్కల సంగతీ విన్నాక ఆయన ముఖం గంభీరమైంది. అనధికార యాజమాన్య చిహ్నాలు తీవ్రమైన విషయం. వెంటనే పదిహేను రూపాయల తనిఖీ రుసుము కట్టించుకుని, ఆదివారం టేపూ, సుద్దముక్కా పట్టుకుని గాజువాక బస్సెక్కారు. ఇల్లంతా కొలిచి, అసలులో తీరిన వంతుకు సభ్యునికి దక్కేది నలభై రెండు రాళ్లు, మరో రాయిలో చిన్న ముక్క అని తేల్చారు. పైగా ముప్పై ఒకటో నిబంధన ప్రకారం యాజమాన్యం పెరటి వైపునుంచి వీధి వైపుకు పాకుతుందట, వీధి వైపు భాగానికి విలువ ఎక్కువ కనుక. ఆయన స్నానాల గదిలో మొదలుపెట్టి, వంటింట్లో సగం దూరం వచ్చి, పుష్పకుమారి పొయ్యి ముందు సుద్దతో గీత గీశారు. గీతకు అవతల రత్నరాజు ఇల్లు. ఇవతల సంఘం ఇల్లు.

రత్నరాజు ముందుగది వైపు చూసుకున్నాడు. ఎనిమిదేళ్లు చుట్టాలకు కుర్చీ వేసింది ఊరివాళ్ల ఇంట్లో. సిగ్గుతో ఆయన చెవులు వేడెక్కాయి.

పుష్పకుమారి చీపురు అధికారికి అందించింది. "అయితే ఈ గీత ఇవతల తుడవడం మీ సంఘమే సూసుకుంటాదా అండి?"

"వాడకం సభ్యులది కనుక తుడవడం సభ్యులదేనండి."

"ముందుగదిలో కప్పు కారతంది. మరది మీ రాళ్ల మీదే కారతంది కదా!"

"కప్పు మరమ్మతు సభ్యుని బాధ్యత. కారిన నీటివల్ల రాళ్లు పాడైతే మాత్రం సంఘం ఊరుకోదు, నష్టపరిహారం అడుగుతుంది." ఆయన కాఫీ తాగి, గ్లాసు ఏ వైపు పెట్టాలో ఒక్క క్షణం ఆలోచించి, పొయ్యి పక్కన, సభ్యుని వైపు పెట్టారు.

అయినా సంఘం కఠినాత్మురాలు కాదు. బాకీ మొత్తం తీర్చదలచినవాళ్లకు దారి చూపించింది. తొమ్మిది వేల ఎనిమిది వందల ఎనభై ఒకటికి తోడు ముందస్తు వియోగ రుసుము మూడు వందల తొంభై అయిదు. (సభ్యుడు పన్నెండేళ్లు ముందుగా విడిచి వెళ్లిపోతున్నందుకు సంఘానికి కలిగే బాధను నూటికి నాలుగు రూపాయలుగా లెక్కకట్టారు.) రత్నరాజు తెచ్చిన ఏడువేల రెండు వందలు పోగా తక్కువ మూడువేల డెబ్బై ఆరు. ఆ తక్కువకు సంఘమే 'ఋణవిముక్తి ఋణం' ఇస్తుంది. నూటికి పదమూడు వడ్డీ, మళ్లీ ఇరవై ఏళ్లు. నెలకు ముప్పై ఆరు రూపాయలే కనుక పింఛనులో కట్టుకోవచ్చు. అది తీరేనాటికి సభ్యునికి డెబ్బై నాలుగేళ్లు వస్తాయి కాబట్టి, అంతవరకు జీవించడానికి తనకు సమ్మతమేనని ప్రత్యేకంగా ఒక కాగితం మీద సంతకం పెట్టాలి.

ఒక్కటే చిక్కు. హామీదారు కావాలి. హామీదారుకు ఏ అప్పూ లేని సొంత ఇల్లుండాలి. సంఘం సభ్యుల జాబితా అంతా వెతికినా అలాంటివాడు ఒక్కడూ దొరకలేదు. రత్నరాజు తలొంచుకుని రజాక్ దగ్గరికి వెళ్లాడు.

రజాక్ టార్పాలిన్ కుట్టడం ఆపి, రత్నరాజు కాగితాలన్నీ ముందేసుకుని, దబ్బనంతో అంకె అంకె కింద పొడుస్తూ చదివాడు. "రాజు బావా, వడ్డీ నాను తీసుకోను, ఇవ్వను. నా ఇల్లు అందుకే ఇలా ఉంది, అందుకే నాదై ఉంది. సంతకం పెడతాను గానీ ఒక్క ముక్క సెప్తాను, ఏటనుకోకు. నీ ఎనిమిదేళ్ల వడ్డీ నెలలేసి పంచితే నెలకి నూట రెండు రూపాయిలు. నాకు నలభై ఇచ్చేవోడివి. వాన కారితే నానే పైకెక్కి పట్టా ఏసేవోణ్ణి. ఈళ్లు ఎక్కుతారా?"

"ఎక్కరు బావా" అన్నాడు రత్నరాజు.  రజాక్ సంతకం పెట్టి, కొత్త టార్పాలిన్ పట్టా ఒకటి మడిచి ఆయన చంకలో పెట్టాడు. డబ్బులిస్తానంటే కోప్పడ్డాడు.

1978 జనవరిలో ఒక బుధవారం నాడు అంతా పూర్తయింది. పాత అప్పు తీరిపోయినట్టు ముద్ర పడింది పదకొండు గంటల ఇరవై నిమిషాలకు. కొత్త అప్పుకు హామీగా అదే ఇల్లు తనఖా పెట్టినట్టు ముద్ర పడింది పదకొండు గంటల ముప్పై ఒక్క నిమిషానికి. మధ్య పదకొండు నిమిషాలు రత్నరాజు తన ఇంటికి సంపూర్ణ యజమాని. రెండొందల నలభై రాళ్లూ ఆయనవే. ఆ మాట పుష్పకుమారికి చెప్పాలని ఆయన ప్రాణం కొట్టుకుంది. ఆమె గాజువాకలో ఉంది. బస్సుకే గంట పడుతుంది. ఆ పదకొండు నిమిషాలూ ఆయన రెవెన్యూ స్టాంపు కోసం వరసలో నిలబడ్డాడు.

సాయంత్రం ఇంటికి వెళ్లి గడప అవతలే నిలబడ్డాడు.

"అయిపోయిందా అండి? మనదేనా?" అంది పుష్పకుమారి.

రత్నరాజు జీవితంలో మొదటిసారి తప్పుడు లెక్క చెప్పాడు. "మనదే" అన్నాడు. ఆమె బోసి చేత్తో గోడను ఒకసారి తడిమి, మేకూ సుత్తీ తెచ్చుకుంది.

మార్చిలో సంఘం వార్షిక నివేదిక అచ్చయింది. 'ఈ ఏడాది సంపూర్ణ ఋణవిముక్తి పొందిన ఆదర్శ సభ్యులు: ఒకరు' అని ఒక పేజీలో రత్నరాజు ఫొటో వేశారు. 'ఈ ఏడాది కొత్తగా ఋణం పొందిన సభ్యులు: ఒకరు' అని ఎదుటి పేజీలో మళ్లీ అదే ఫొటో వేశారు. రెండుసార్లు అచ్చువేసినందుకు అయిన పద్నాలుగు రూపాయలను సభ్యుని మీద భారం పడకుండా అసలులో కలిపేశారు.